మాట అయ్యాకే టీ

మొన్న శనివారం టొరంటోలోని స్కార్‌బరోలో సబ్‌వే స్టేషన్ పక్కనున్న చెప్పులు బాగుచేసే షాపుకు వెళ్ళాను. చలికాలం బూటు జిప్పు ఊడిపోయింది. లోపల కాలు పెట్టగానే తోలు, మైనం కలిసిన బూటు పాలిష్ వాసన గుప్పుమంది. అంతే, ఎందుకొచ్చానో మరిచిపోయి నిలబడిపోయాను. కౌంటర్ వెనకాల పెద్దమనిషి "ఏం కావాలి?" అని రెండుసార్లు అడిగాడు. నా కళ్ళముందు మాత్రం కెనడాలోనే మరో ఊరైన వాటర్లూలోని ఒక పాత ఇల్లు, దాని వెనకగదిలో పాత పేపరు పరుచుకుని తన బూట్లు తానే తుడుచుకుంటున్న ఎనభై నాలుగేళ్ళ మనిషి ఉన్నాడు. ఆయన ఇంగ్లండులో ఒక లార్డు. ఒకప్పుడు మూడు వేల ఎకరాల ఆసామి. ఓ రెండేళ్ళు మంత్రిగా కూడా చేసినవాడు.

నవ్వకండి. మెట్‌పల్లి పిల్లకు ఇంగ్లండు లార్డుతో ఏం పని అని ఇప్పటికే చాలామంది నవ్వారు. నేను కెనడా వెళ్ళిన ఏడు మా జిల్లా సగం అక్కడే దిగిందేమో అనిపించేది. కాలేజీ కారిడార్లో తెలుగు, పంజాబీ వినిపించినంత ఇంగ్లీషు వినిపించేది కాదు. కాఫీ షాపులో ఒక్క పార్ట్‌టైమ్ ఉద్యోగం ఉందంటే రెజ్యూమేలు పట్టుకుని మంచులో లైను కట్టేవాళ్ళం. అలాంటి రోజుల్లో కాలేజీ నోటీసు బోర్డు మీద ఒక చిన్న కాగితం చూశాను. చూపు తగ్గిన ఒక పెద్దాయనకు పేపరు చదివి వినిపించి, ఆయన చెప్పింది టైపు చేసే మనిషి కావాలట, వారానికి మూడు మధ్యాహ్నాలు. ఆ కాగితాన్ని ఇంకెవరూ చూడకుండా పీకి జేబులో పెట్టుకున్నాను. చేసింది తప్పే, ఒప్పుకుంటున్నాను.

ఇంటర్వ్యూ అంటే ఆయన ఎదురుగా కూర్చుని ఆ రోజు పేపరు చదవడం. హైదరాబాదు కోచింగ్ సెంటర్లో నేర్చిన వేగంతో గడగడా చదివేశాను.

"నెమ్మదిగా చదువు. నాకు అర్జెంటుగా వెళ్ళాల్సిన చోటేమీ లేదు," అన్నాడాయన.

"నాకుంది. అయిదున్నరకు నా బస్సు," అన్నాను. నాకు కోపం ముక్కు మీద ఉంటుంది. నోరు దాని కిందే కదా.

ఉద్యోగం పోయిందనుకున్నాను. ఆయన కళ్ళనీళ్ళు వచ్చేదాకా నవ్వి, రేపటి నుంచి రమ్మన్నాడు. ఇంటిపేరు ఇక్కడ రాయను, వాళ్ళవాళ్ళు ఉన్నారు. ఆంబ్రోస్ అని పిలవమన్నాడు. ఎనభై నాలుగేళ్ళ మనిషిని పేరు పెట్టి పిలవడానికి నాకు నోరు రాదు. ఆంబ్రోస్ గారూ అన్నాను. దానర్థం చెప్తే, "ఇంగ్లండులో నా పేరుకు ముందు తగిలించేవారు, మీరు వెనక తగిలిస్తారన్నమాట," అన్నాడు. ఆయన మాట్లాడిందంతా ఇంగ్లీషే. ఇన్నేళ్ళకు నా చెవుల్లో అది తెలుగైపోయింది కాబట్టి అలాగే రాస్తున్నాను.

భార్య పోయాక ఆయన వాటర్లూ యూనివర్సిటీలో పాఠాలు చెప్పే కూతురి దగ్గరకు వచ్చేశాడు. కళ్ళలో నడిమి చూపు పోయి పక్కచూపు మాత్రమే మిగిలింది. మనిషిని చూడాలంటే తల పక్కకు తిప్పి చూసేవాడు. మొదట్లో నా మీద అలిగాడేమో అనుకునేదాన్ని. కూతురు పోరగా పోరగా తన జీవితకథ చెప్పడం మొదలుపెట్టాడట. నాకన్నా ముందు ఇద్దరు టైపిస్టులు మానేశారు. ఆయన ఒక వాక్యం చెప్పి, పావుగంట కిటికీ వైపు తిరిగి కూర్చుని, చివరికి ఆ వాక్యాన్ని కొట్టేయమనేవాడు. అంత ఓపిక నాకూ లేదు. కానీ ఆ ఇల్లు వెచ్చగా ఉండేది.

అలా కొంచెం కొంచెంగా ఆయన జీవితం నా వేళ్ళ కిందకు వచ్చింది. పుట్టిన ఇంట్లో గదులెన్నో ఎవరికీ తెలియదట, వానొస్తే బక్కెట్లు ఎన్ని చోట్ల పెట్టాలో మాత్రం అందరికీ తెలుసట. ఏడో ఏట హాస్టల్లో పడేశారు. తండ్రి గుర్రం మీద నుంచి పడి చనిపోయేనాటికి ఈయనకు ఇరవై ఏడేళ్ళు. ఒక్క వారంలో మూడు వేల ఎకరాలు, పదకొండు కౌలు పొలాలు, పార్లమెంటు పెద్దల సభలో తండ్రి స్థానం, అన్నీ ఆయనవయ్యాయి. "ఎన్నిక లేదు, ప్రచారం లేదు. మా నాన్న చావే నా నామినేషన్," అనేవాడు. పల్లెల్లో పాల లారీలు వెళ్ళే రోడ్ల గురించి మొదటి ఉపన్యాసం ఇస్తే సభలో అయిదుగురున్నారట, అందులో ఇద్దరు నిద్రలో ఉన్నారట. తర్వాత రెండేళ్ళు వ్యవసాయశాఖలో చిన్న మంత్రి. ఆవుల జబ్బుల మీద ప్రశ్నలు వస్తే లేచి జవాబు చెప్పడమే తన పని అని తనే వెక్కిరించుకునేవాడు.

చాలా ఏళ్ళ తర్వాత, పుట్టుకతో వచ్చే స్థానాలను తీసేసే చట్టం సభ ముందుకు వచ్చింది. ఆయన దానికి ఓటేశాడు, అంటే తన సీటును తానే ఊడగొట్టుకున్నాడు. పక్కన కూర్చునేవాళ్ళు చాలాకాలం మాట్లాడలేదట. ఊరందరిదీ ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి అని మా నాయనమ్మ అంటుందని చెప్పాను. ఉలిపికట్టె అంటే ఏమిటని అడిగాడు. నాకూ తెలియదన్నాను. "తెలియకపోయినా నాకు సరిపోయింది," అని దాన్ని పుస్తకంలో పెట్టించాడు.

బూట్ల సంగతి ఒకరోజు నేనే అడిగాను, ఎవరైనా తుడిచిపెడితే కాదంటారా అని. తండ్రి బూట్లు తుడిచిన నౌకరే తండ్రి పోయిన మర్నాడు ఈయన బూట్ల ముందు మోకాళ్ళ మీద కూర్చున్నాడట. ఆ నౌకరుకు డెబ్భై ఏళ్ళు. "లేవమన్నాను. తన పనిలో ఏం తప్పు జరిగిందని ఏడ్చాడు. అప్పటి నుంచి నేనే తుడుచుకుంటున్నాను. పెన్షన్ ఇచ్చాను గానీ ఆయన నన్ను క్షమించలేదు," అన్నాడు. ఆయన చేసిన మంచిపనుల్లో కూడా ఇలా ఎక్కడో ఒకచోట ఎవరో ఏడుస్తూ ఉండేవారు. దాన్ని ఆయన దాచేవాడు కాదు.

ఉదయం పూట బస్సులో కాలేజీకి వెళ్తూ నాయనమ్మకు ఫోన్ చేసేదాన్ని. అక్కడ సాయంత్రం, చాయ్ తాగి తీరిగ్గా ఉంటుంది.

"దొర తాన పనికి కుదిరినవా? కాలం గిట్ల తిరిగొచ్చిందా బిడ్డా?"

"దొర కాదే, లార్డు."

"ఏదైతేంది. భూములున్నయా?"

"ఉండె. అన్ని అమ్ముకున్నడు."

"బూట్లెవలు తుడుస్తరు?"

"ఆయనే తుడుసుకుంటడు."

నాయనమ్మ "అయితే దొర కాదు తీయ్," అని తేల్చేసింది.

ఇప్పుడు నా తప్పు సంగతి చెప్పాలి. మేం ఆరుగురం అమ్మాయిలం ఒక బేస్‌మెంట్‌లో ఉండేవాళ్ళం. ఓనర్ ప్రసాదరావు అంకుల్ గుంటూరు వైపు మనిషి, ఎన్నో ఏళ్ళుగా అక్కడే ఉద్యోగం, తనుండేది ఊళ్ళో ఇంకో ఇంట్లో. లీజు నా పేరు మీద ఉండేది, మిగతా అయిదుగురూ నన్ను నమ్ముకుని చేరినవాళ్ళు. అంకుల్ చెడ్డవాడు కాదు. మేం దిగిన రోజు ఎయిర్‌పోర్టు నుంచి తన కారులో తెచ్చాడు. బియ్యం బస్తా, కుక్కరు, పాత దుప్పట్లు తెచ్చిపెట్టాడు. శ్రావణికి జ్వరమొస్తే ఆంటీ చారు చేసి పంపించింది. శ్రావణిది నెల్లూరు, నా పక్క పరుపే తనది.

జనవరిలో ఒక ఆదివారం అంకుల్ సున్నుండల డబ్బాతో వచ్చాడు. మాతోపాటు కార్పెట్ మీద బాసింపట్టు వేసుకుని కూర్చున్నాడు. అసైన్‌మెంట్లు ఎలా ఉన్నాయి, హీటర్ సరిగ్గా పనిచేస్తోందా, ఇంటికి ఫోన్ చేస్తున్నారా అని అందరినీ పేరుపేరునా అడిగాడు. ఆ తర్వాత కోటు జేబులోంచి ఒక కాగితం తీశాడు.

"ఏం లేదమ్మా, ఫార్మాలిటీ. ఇల్లు అమ్ముతున్నా. కొనేవాళ్ళు ఖాళీగా కావాలంటున్నారు. ఫిబ్రవరి ఆఖరుకి మీ అంతట మీరే ఖాళీ చేస్తున్నట్టు ఓ సంతకం. మనం మనం కదా, మన మధ్య నోటీసులూ గట్రా ఎందుకు?"

శ్రావణి నా మోచేతిని గిల్లింది. నాకు తెలిసింది. కాగితం మొత్తం చదివాను కూడా. కానీ ఆయన తెచ్చిన సున్నుండ నోట్లో ఉండగా ఆయన్ని కాదని ఎలా అంటాను? అందరితో పోట్లాడే నోరు, ఆటో వాళ్ళతో, కాలేజీ క్లర్కులతో, లార్డుతో కూడా పోట్లాడిన నోరు, అక్కడ మూతబడిపోయింది. సంతకం పెట్టేశాను.

"ఏంటే, చదవకుండానే పెట్టేశావా?" అంది శ్రావణి, ఆయన వెళ్ళీ వెళ్ళగానే.

"చదివే పెట్టాను."

"మరి?"

"కాదనలేకపోయాను."

మొహమాటానికి పోతే కడుపైందని మా నాయనమ్మ ఊరికే అనదు. ఆ రోజు నుంచి గదుల వేట. ఒక్క గది ప్రకటన వచ్చిందంటే గంటలో పోయేది. ఫోన్ చేస్తే వాయిస్ మెయిల్ నిండిపోయి ఉండేది. ఒకచోట వంటగదిలో తెర కట్టి పరుపు చూపించారు, అదీ ఒక్కరికే. ఆరుగురికీ మిడ్‌టర్మ్ పరీక్షలు దగ్గర పడ్డాయి. బయట మంచు, లోపల ఎవరూ ఎవరితోనూ మాట్లాడటం లేదు. నన్ను ఎవరూ తిట్టలేదు, అదే ఎక్కువ బాధగా ఉండేది. నా ఒక్క సంతకంతో అయిదుగురి నెత్తి మీద కప్పు తీసేశాను.

ఆ వారమే ఆంబ్రోస్ గారు పదకొండో అధ్యాయానికి వచ్చాడు. కౌలుదారులకు భద్రత ఉండాలని పెద్దల సభలో తాను ఇచ్చిన పేరుమోసిన ఉపన్యాసం గురించి చెప్పి, మధ్యలో మామూలుగా ఒక వాక్యం అన్నాడు: "ఆ ఏడు మా కౌలుదారు టాడ్ కుటుంబం పరస్పర అంగీకారంతో పొలం ఖాళీ చేసింది."

నా వేళ్ళు ఆగిపోయాయి.

"రాశావా?"

"రాయను," అన్నాను. "పరస్పర అంగీకారమా? ఆ కాగితం మీద సంతకం పెట్టించింది ఎవరు? మీరే వెళ్ళారా? వాళ్ళింట్లో టీ తాగారా?"

ఆయన తల పక్కకు తిప్పి నన్ను చూశాడు. గద్దిస్తాడనుకున్నాను. "నీకు ఏం జరిగింది?" అని మాత్రం అడిగాడు. చెప్పేశాను. సున్నుండలు, కార్పెట్ మీద బాసింపట్టు, మోచేతి మీద గిల్లుడు, అన్నీ. చెప్తూ ఏడ్చాను కూడా, అబద్ధమెందుకు. ఆయన అంతా విని, "కింద కూర్చున్నాడా? నేను అంత బాగా చేయలేదు," అన్నాడు.

అప్పుడు చెప్పాడు, యాభై అయిదేళ్ళుగా కూతురికి కూడా చెప్పని సంగతి. ఇంటి పైకప్పు కూలిపోయేలా ఉంది. ఒక పొలం అమ్మాలి. కౌలుదారు ఉన్న పొలానికి సగం ధరే వస్తుంది. బెన్ టాడ్‌ను చట్టప్రకారం కదపలేరు. అప్పుడు ఈయన భూముల వ్యవహారాలు చూసే ఏజెంటు అన్నాడట: "నేను వెళ్తే కాదంటాడు. మీరు వెళ్తే సంతకం పెడతాడు." ఈయన వెళ్ళాడు. తాతల నాటి నుంచి ఆ వంటింట్లో లార్డు అడుగుపెట్టడం అదే మొదటిసారి. టాడ్ టోపీ తీసి నిలబడ్డాడు. ఆయన భార్య చేతులు తుడుచుకుని టీ పోసింది. ఈయన తాగి, కేకు బాగుందని మెచ్చుకుని, పదేళ్ళ కూతురి చదువు గురించి అడిగి, కాగితం బల్ల మీద పెట్టాడు.

"ఆయనకు చదవడం వచ్చు. చదివాడు. నా వంక చూశాడు. ఎలా కాదంటాడు?" అన్నాడు ఆంబ్రోస్ గారు. "సరిగ్గా నెల తర్వాత నేను సభలో లేచి కౌలుదారుల భద్రత గురించి మాట్లాడాను. చప్పట్లు కొట్టారు. పైకప్పు కూడా బాగైంది."

ఆ రోజు ఇక టైపు చేయలేదు. రెండోరోజు ఆయనే కాలేజీలో ఉచిత న్యాయ సలహా ఇచ్చే డెస్కు ఉందేమో చూడమన్నాడు. వెళ్ళాను. పెట్టిన సంతకాన్ని వెనక్కి తీసుకోవడం కష్టమని, అద్దె తగాదాలు తేల్చే ట్రిబ్యునల్‌కు వెళ్ళొచ్చు గానీ నెలలు పడుతుందని, ఓనరే తేదీ మార్చి రాసిస్తే అన్నిటికన్నా సులువని అక్కడి అమ్మాయి చెప్పింది. అంటే నేను వెళ్ళి అంకుల్‌ను అడగాలి.

"మీరు నాతో రండి," అని ఆంబ్రోస్ గారిని అడిగాను. "ఊరికే పక్కన కూర్చోండి చాలు. ఇంగ్లండు లార్డు వచ్చాడంటే మా అంకుల్ ఇంకేం మాట్లాడడు."

"అందుకే రాను."

"అర్థం కాలేదు."

"నేను వస్తే ఆయన కాగితం చించేస్తాడు. నన్ను చూసి కాదనలేక. టాడ్ వంటింట్లో నేను చేసిన పని అదే. రెండోసారి చేయను."

నాకు ఒళ్ళు మండిపోయింది. "మీకు నీతులు బాగానే ఉంటాయి, వెచ్చటి ఇంట్లో కూర్చుని! నెలాఖరుకి మంచులో నిలబడేది మేము," అని బ్యాగు తీసుకుని వచ్చేశాను. తర్వాతి మధ్యాహ్నం వెళ్ళకూడదనే అనుకున్నాను. వెళ్ళాను. ఆయన సోఫాలో కూర్చుని ఉన్నాడు. "ఇప్పుడు నేను మీ అంకుల్‌ని. లోపలికి వచ్చి అడుగు," అన్నాడు.

అడగబోయాను.

"అయ్యో, ఎంత సన్నబడ్డావమ్మా! తింటున్నావా లేదా? మీ నాయనమ్మ మోకాళ్ళ నొప్పి తగ్గిందా?" అన్నాడు. ఆ ముసలాయన గొంతులో ఎంత ప్రేమ పలికిందంటే, నాయనమ్మ మోకాళ్ళ గురించి మూడు నిమిషాలు చెప్పేశాను.

"అయిపోయింది. మళ్ళీ సంతకం పెట్టేశావు. బయటికెళ్ళి మళ్ళీ రా."

ఏడుసార్లు వెళ్ళి ఏడుసార్లు వచ్చాను. ఒకసారి కోపంతో అరిచాను, ఒకసారి నిజంగానే ఏడ్చాను. రెండూ పనికిరావన్నాడు. "కోప్పడితే నేను క్షమిస్తాను, ఏడిస్తే ఓదారుస్తాను. రెండూ నాకు చిన్నప్పటి నుంచీ చేతనైన పనులే. మామూలుగా చెప్పేవాళ్ళను ఏం చేయాలో మాత్రం నాకు ఎప్పుడూ తెలియలేదు. ఇంకోటి, మాట అయ్యేదాకా టీ తాగొద్దు."

"మా వాళ్ళింట్లో టీ వద్దనకూడదు. అవమానం అనుకుంటారు."

"వద్దనమనలేదు. తర్వాత అను."

నేనూ శ్రావణీ శనివారం పొద్దున్న అంకుల్ ఇంటికి వెళ్ళాం. తలుపు తీసిన ఆంటీ, "రండమ్మా రండి, ఎంత చలో! చేతులు చూడు ఎలా గడ్డకట్టాయో. టీ పెడతానుండండి," అని ఫ్రిజ్‌లోంచి పాల సంచి తీసింది.

"ఆంటీ, ఏమనుకోకండి. ముందు అంకుల్‌తో ఒక మాట చెప్పాలి. అది అయ్యాక తాగుతాం," అన్నాను. ఆంటీ పాల సంచి పట్టుకుని అలాగే నిలబడిపోయింది. ఆ మాట అనడానికి నాకు పట్టినంత ధైర్యం వీసా ఇంటర్వ్యూకి కూడా పట్టలేదు.

"ఏంటమ్మా అంత సీరియస్?" అన్నాడు అంకుల్ నవ్వుతూ.

"అంకుల్, ఆ రోజు నేను ఇష్టపడి సంతకం పెట్టలేదు. మిమ్మల్ని కాదనలేక పెట్టాను. ఏప్రిల్‌లో పరీక్షలయ్యేదాకా మేం ఆరుగురం ఖాళీ చేయలేం. తేదీ మార్చి ఇంకో కాగితం రాసివ్వండి. కుదరకపోతే ట్రిబ్యునల్‌కు వెళ్తాం. అలా వెళ్ళడం నాకు ఇష్టం లేదు. అయినా వెళ్తాం."

ఆయన ముఖంలో నవ్వు పోయింది. "ఎవరు నేర్పారమ్మా నీకిదంతా? ఎంతమంది అడిగినా ఇవ్వకుండా మనవాళ్ళు కదా అని ఇల్లు మీకిచ్చా. సొంత పిల్లల్లా చూసుకున్నా. ఇదేనా మర్యాద?"

సారీ అంకుల్ అనే మాట నాలుక చివరిదాకా వచ్చింది. పళ్ళు బిగించాను. అప్పటిదాకా నోరెత్తని శ్రావణి, "మీరు చేసిందంతా నిజవే అంకుల్, మేం మర్చిపోం. ఇప్పుడు ఇది చెప్పేదీ నిజవే," అంది. ఆయన లేచి లోపలి గదిలోకి వెళ్ళి ఎవరితోనో చాలాసేపు ఫోన్లో మాట్లాడాడు. బయటికొచ్చి, ఏప్రిల్ ఆఖరు అని తేదీ వేసి, సంతకం పెట్టి నా చేతికిచ్చాడు. అప్పుడు ఆంటీ టీ పోసింది. నలుగురం టీవీ వంక చూస్తూ తాగాం. ఎప్పుడూ కారులో దింపే మనిషి ఆ రోజు లేవలేదు. బస్‌స్టాప్ దాకా నడిచాం. ఆ తర్వాత తెలుగువాళ్ళ పిక్నిక్‌లో కనిపించినా ఆయన నా వైపు చూడలేదు. ఇల్లు నిలబడింది, ఆ మనిషి దూరమయ్యాడు. ఇప్పటికీ నాకు ఆ దిగులుంది.

ఆంబ్రోస్ గారికి చెప్తే, "టీ బాగుందా?" అని అడిగాడు.

"ఏం బాగుంది! గొంతు దిగలేదు."

"అలాగే ఉంటుంది," అని, "పదకొండో అధ్యాయం తెరువు. ఆ వాక్యం కొట్టెయ్," అన్నాడు.

ఈసారి ఆయన ఎక్కడా ఆగలేదు. ఏజెంటు మాట, టీ, కేకు, తర్వాత సభలో చప్పట్లు, ఉన్నదున్నట్టు చెప్పాడు. పుస్తకం కన్నా ముందు అది టాడ్ కూతురికి పంపాలన్నాడు. ఆమె ఇంకా ఆ ప్రాంతంలోనే ఉందట, ఆమెకే డెబ్భై దగ్గర పడుతున్నాయి. "వాళ్ళు ఎప్పుడో మర్చిపోయి ఉంటారు నాన్నా, వదిలేయి," అంది ఆయన కూతురు. "నేను మర్చిపోలేదు కదా," అన్నాడు. కవరు మీద చిరునామా నేనే రాశాను. నాకు గర్వంగా ఉంది. అదంతా నావల్లే జరిగిందనుకున్నాను.

ఆరు వారాలకు జవాబొచ్చింది. ఒక్క పేజీ, గుండ్రటి చేతిరాత. చదువుతూ ఉండగానే నా కళ్ళు కింది వాక్యాల మీదకు పరుగెత్తాయి. ఆగిపోయాను. ఆయనకు కనిపించదు. రెండు వాక్యాలు వదిలేసి చదివితే ఎవరికి తెలుస్తుంది?

"ఆగావు," అన్నాడు.

"దగ్గొస్తోంది."

"లావణ్యా. ఉన్నది చదువు."

చదివాను. "మా నాన్న పోయేదాకా అందరికీ చెప్పుకునేవాడు, నన్ను పంపించడానికి వేరేవాళ్ళను పంపలేదు, లార్డు స్వయంగా నా ఇంటికి వచ్చాడు, నా ఎదురుగా కూర్చున్నాడు, నాకు అంత విలువ ఇచ్చాడు అని. పొలం పోయాక ఆయనకు మిగిలింది అదొక్కటే. మీరు రాసింది నిజమే అయి ఉంటుంది. కానీ ఆ ఒక్కటి కూడా మా దగ్గర్నుంచి ఇప్పుడు తీసుకున్నారు. మీ మనసు తేలికపడిందనుకుంటాను. ఇక ఉత్తరాలు రాయకండి."

ఆయన చేతులు మోకాళ్ళ మీద పెట్టుకుని విన్నాడు. మళ్ళీ చదవమన్నాడు. మళ్ళీ చదివాను. "ఇది ఆ అధ్యాయం చివర పెట్టు. ఆమె ఒప్పుకుంటేనే. ఒప్పుకోకపోతే అధ్యాయం కూడా వద్దు," అన్నాడు. ఆమెను ఎలా అడగాలో మాకు తెలియలేదు, రాయొద్దంది కదా. ఆ మరుసటి ఏడు ఆయన పోయాడు. అప్పటికి నేను టొరంటోలో ఉద్యోగంలో చేరాను. పుస్తకం అచ్చయింది, పది అధ్యాయాల తర్వాత నేరుగా పన్నెండోది ఉంటుంది. అంకెలు సరిచేయవద్దని ఆయనే చెప్పి పోయాడట. చదివినవాళ్ళు అచ్చుతప్పు అనుకుంటారు.

ఆయన దగ్గర నేర్చుకున్నది రోజూ వాడుతూనే ఉన్నాను. ఆఫీసులో నా కింద పనిచేసేవాళ్ళకు కష్టమైన మాట చెప్పాల్సివస్తే కాఫీకి తీసుకెళ్ళను, ముందు మాట చెప్పేస్తాను. కరుకుదనం అనుకుంటారు, అనుకోనీ. నాకు ఎవరైనా మరీ మర్యాద చేస్తే ఒక్క క్షణం ఆగి చూసుకుంటాను. అందులో నాకు ఇబ్బందేమీ లేదు. ఇబ్బందంతా ఆ ఉత్తరం వచ్చిన మర్నాడు పొద్దున్న బస్సులో మొదలైంది.

నాయనమ్మకు ఫోన్ చేసి ఉత్తరం సంగతి చెప్పబోయాను. లార్డు ఒక కౌలుదారు ఇంటికి తానే వెళ్ళి ఎదురుగా కూర్చున్నాడటే అని అన్నానో లేదో, ఆమె గొంతు వెలిగిపోయింది.

"మా అయ్యకు గడీల దొర కుర్సీ ఏసిండు, నీకెర్కేనా? ఊర్ల ఇంకెవ్వలకు ఎయ్యలె. మా అయ్య ఒక్కనికే. మేమంత దర్వాజ కాడ నిలవడి సూసినం బిడ్డా."

"ఎందుకు ఏసిండే?"

"ఏదో కాయిదం మీద ఏలుముద్ర ఎయ్యాల్నని పిల్సిండు. చెరువు కింది రెండెకరాలు అప్పుడే పాయె. అది ఏరే ముచ్చట. గని కుర్సీ ఏసిండు."

నాయనమ్మకు ఇప్పుడు తొంభై దాటాయి. ఎవరు ఇంటికొచ్చినా ఆ కుర్చీ సంగతి చెప్తుంది. అది వేరే ముచ్చట కాదని నేను ఇంతవరకూ చెప్పలేదు. చెప్పకపోవడం మర్యాదో, మొహమాటమో, నాకు తెలియడం లేదు.